మా మావయ్య రెండో రిటైర్మెంటు

ఆ రోజుల్లో మా ఖరగ్‌పూర్ తెలుగువాళ్ళ ఇంటికి వీడియో కెమెరా రెండే రెండు సందర్భాల్లో వచ్చేది. ఒకటి పెళ్ళికి, రెండోది రిటైర్మెంటుకి. పెళ్ళి వీడియో మీద ఎవరికీ పెద్ద పట్టింపు ఉండేది కాదు. పెళ్ళికూతురు ఏడ్చిందా, భోజనాల బంతిలో మనం కనబడ్డామా, అంతటితో సరి. రిటైర్మెంటు వీడియో అలా కాదు. రైల్వే వర్క్‌షాపులో ముప్పై ఏళ్ళకు పైగా పనిచేసిన మనిషి ఆఖరి రోజున గేటు దాటి బయటికి వస్తుంటే తోటివాళ్ళు మెడ నిండా బంతిపూల దండలు వేసి, మొహాన అబీర్ పూసి (రంగుపొడిని మా ఊళ్ళో తెలుగువాళ్ళు కూడా బెంగాలీలో అబీరనే అంటారు), బ్యాండు మేళంతో ఇంటిదాకా ఊరేగించి దిగబెట్టేవారు. ఆ ఊరేగింపులో దండలు ఎంత ఎత్తుకు వచ్చాయి, భుజాల మీదికి ఎత్తుకున్నారా లేదా, ఫోర్‌మన్ వచ్చి చెయ్యి కలిపాడా లేదా అన్నది ఆ ఇంటి పరువు. వీధిలో ఆడవాళ్ళు ఒకరి వీడియో ఒకరు తెప్పించుకుని చూసి తీర్పులు చెప్పేవారు. ఇప్పుడు నన్ను ఎవరైనా "మేడమ్, ఎడిటర్‌గా ఉన్న మీరు డైరెక్షన్‌లోకి ఎలా వచ్చారు?" అని మైకు పెట్టి అడిగితే, కళ్ళజోడు సవరించుకుని, కథ చెప్పాలన్న తపన గురించి రెండు నిమిషాలు గంభీరంగా మాట్లాడతాను. అదంతా పేపర్లవాళ్ళ కోసం. నా మొట్టమొదటి డైరెక్షను ఏమిటంటే, వర్క్‌షాపు గేటు ముందు, టీ కొట్టు పక్కన నిలబడి, మా మావయ్య చేత రెండోసారి రిటైర్మెంటు చేయించడం.

అప్పుడు నాకు పందొమ్మిదేళ్ళు. మలంచా రోడ్డు మీద, మందుల షాపు పై అంతస్తులో ఒక వీడియో షాపు ఉండేది. అక్కడ కంప్యూటర్ ముందు కూర్చుని పెళ్ళిళ్ళూ, అన్నప్రాశనలూ, రిటైర్మెంట్లూ కత్తిరించి అతికించడం నా ఉద్యోగం. (రైల్వే పరీక్షలకి చదువుకుంటానని అమ్మకి మాటిచ్చి, "ఇది కూడా టైపు లాంటిదేనమ్మా" అని చెప్పి చేరాను. అమ్మ చాలా రోజులు నమ్మింది.) షాపు యజమానీ, కెమెరామనూ, లైట్లు మోసేవాడూ అన్నీ ఒక్కడే. మేము అతన్ని జూమ్ దాదా అనేవాళ్ళం. ఎవరి మొహం నచ్చినా సరే, ముక్కు రంధ్రాలు కనబడేదాకా జూమ్ చేసి గానీ వదిలేవాడు కాదు. తాళి కట్టే వేళకి పంతులుగారి చెవిలో వెంట్రుకలు తీసుకొచ్చిన ఘనుడు. అతను తెచ్చినదాన్ని చూడదగ్గ బొమ్మగా మార్చడం నా పని కనుక, ఊళ్ళో అసలైన కళాకారిణిని నేనేనని నాకు గట్టి నమ్మకం. ఎవరు ఏడ్చినా స్లో మోషన్ వేసేదాన్ని, ఎవరు నవ్వినా గులాబీ రేకులు రాల్చేదాన్ని, పెళ్ళికొడుకుని హృదయాకారంలో పెట్టి గిర్రున తిప్పేదాన్ని.

ఇక మావయ్య సంగతి. మా అమ్మకి స్వయానా అన్న, వర్క్‌షాపులో ఫిట్టరు. సైరను మోగక ముందే గేటు దగ్గర ఉండే రకం. అత్త ఆయనకి సరిజోడు. రిటైర్మెంటు వీడియోల విషయంలో మా పేటలో సుప్రీం కోర్టు ఆవిడే. "ఆ బొండాం మొహమోడికి అన్ని దండలేటే? మనోళ్ళాయనకి సూడు, మెడ కనబడతన్నాది" అని ఆవిడ అన్నదంటే ఇక అప్పీలు లేదు. అందరి వీడియోలకీ తీర్పులు చెప్పిన మనిషి, తన మొగుడి వంతు కోసం ఎన్నేళ్ళుగా ఎదురు చూసిందో మీరే ఊహించుకోండి. పెళ్ళయి వచ్చిన దగ్గర్నుంచీ తెల్లారగట్ల లేచి కారియర్ కట్టి పంపడమే తప్ప, ఆ గేటులోంచి ఆయన బయటికి రావడం ఆవిడ ఒక్కసారీ చూడలేదు. ఆ ఒక్క రోజు వెళ్ళి, ఎదురుగా నిలబడి చూడాలని ఆవిడ కోరిక. దానికోసం కొత్త చీర కూడా కొనిపెట్టుకుంది. సరిగ్గా దానికి రెండు రోజుల ముందు, రిటైర్మెంటు భోజనాలకని అటక మీది పెద్ద గుండిగ దించబోయి, స్టూలు మీదనుంచి గుండిగతో సహా కింద పడి కాలు విరగ్గొట్టుకుంది.

అలా ఆ నెలాఖరున మావయ్య గేటు దాటుతున్న వేళ అత్త ఆసుపత్రి మంచం మీద కాలు పైకి కట్టించుకుని ఉంది, పక్కన కాపలాగా నేనున్నాను. దూరంగా ఎక్కడో బ్యాండు వినపడ్డట్టు అనిపించినప్పుడల్లా "అది మీ మావయ్యదేనేటే?" అని అడిగేది. పొద్దు వాలుతుండగా మావయ్య, ఇంటి గుమ్మంలో హారతి అవగానే, తిన్నగా ఆసుపత్రికే వచ్చాడు. ఒంటి నిండా అబీర్‌తో, చేతి నిండా దండలతో వార్డులోకి రాబోతే నర్సమ్మ గుమ్మంలోనే ఆపి దండలన్నీ తీయించి బకెట్లో వేయించింది. ఆయన మంచం పక్కన కూర్చుని అత్త చెయ్యి పట్టుకున్నాడు. కళ్ళు ఎర్రగా వాచి ఉన్నాయి. అత్త ఆయన చొక్కా మీది అబీర్ దులుపుతూ, "పోనీలెండి. ఈడియో ఉంది గదా. ఇంటికెల్లి తీరిగ్గా సూసుకుంటాను" అంది. ఆ మాట నన్ను చూసి అంది. నేను ఛాతీ విరుచుకున్నాను. ఊరందరి వీడియోలకీ చేసినదానికి పదింతలు చేసి, అత్త కళ్ళు తిరిగేలా తీర్చిదిద్దుతానని అక్కడే నిశ్చయించుకున్నాను.

మర్నాడు టేపు పెట్టుకుని కూర్చున్నాను. ఎంత బాగుందో చెప్పలేను! దండలు చెవులదాకా వచ్చాయి. వాటి మధ్యలోంచి ఒక కళ్ళజోడు, మీసం కొస, అబీర్ పూసిన బట్టతల తప్ప ఇంకేమీ కనబడ్డం లేదు. జనం, బ్యాండు, ఒకటే కోలాహలం. ఒకచోట ఆయన కళ్ళజోడు పైకెత్తి కళ్ళు తుడుచుకున్నాడు. జూమ్ దాదా జీవితంలో మొదటిసారి సమయానికి జూమ్ చేశాడు. నేను దానికి స్లో మోషన్ వేసి, షెహనాయి కలిపి, చూసుకుని, మావయ్య ఏడుస్తుంటే తట్టుకోలేక నేనూ ముక్కు చీదుకున్నాను. అలా ఊరేగింపు అంతా కత్తిరించి అతికించి చివరికి ఇంటి గుమ్మం దాకా వచ్చాను. గుమ్మంలో ఎవరో శంఖం ఊదారు. మా అమ్మ శంఖం ఊదడం ఎప్పుడు నేర్చుకుందబ్బా అనుకున్నాను. (నిజంగా అనుకున్నాను. ఇంకా అనుమానం రాలేదు.) తర్వాత ఆడవాళ్ళు నాలుక తిప్పుతూ, బెంగాలీ ఇళ్ళలో శుభకార్యాలకి చేసే ఉలు ధ్వని చేశారు. ఆ తర్వాత ఎరుపంచు తెల్లచీర కట్టుకున్న ఒక పెద్దావిడ ముందుకొచ్చి, దండలన్నీ పైకెత్తి, సందేశ్ మిఠాయి ముక్క నోట్లో పెట్టింది. దండల కింద నుంచి సుభాష్‌పల్లిలో ఉండే బెంగాలీ ఆయన, వర్క్‌షాపులో రంగులు వేసే విభాగంలో పనిచేసే పెయింట్‌షాపు కాకు (కాకు అంటే బాబాయి) మొహం బయటికొచ్చింది.

ఇందులో వింత ఏమీ లేదు. సర్కారు కొలువులో ఎవరు ఏ తారీఖున పుట్టినా రిటైరయ్యేది నెల ఆఖరి రోజునే. ఆ సాయంత్రం ఒకే గేటులోంచి నలుగురైదుగురు ఒకేసారి బయటికొస్తారు, ఒకే గోల్‌బజార్ బంతిపూలు, ఒకే రంగు అబీర్, ఒకే వయసు బట్టతలలు. మా జూమ్ దాదా టీ తాగి ఆలస్యంగా వెళ్ళి, అందరికన్నా పెద్ద దండల గుట్ట ఎక్కడుందో చూసి దాని వెంట నడిచాడు. కాకు గారికి ఊరేగింపంతా ఒక కెమెరా తనను ఎందుకు వెంటాడుతోందో తెలియక, తోటివాళ్ళ ప్రేమ అనుకున్నాడట. అక్కడ మావయ్య ఇంటి దగ్గరేమో, కెమెరా ఎక్కడో జనం వెనకాల ఉందనుకుని హారతి ఇచ్చేసి లోపలికి వెళ్ళిపోయారు. జూమ్ దాదాని పిలిచి చూపించాను. తెర దగ్గరికి మొహం పెట్టి చూసి, "అరే బాప్ రే!" అని, ఒక్క నిమిషం ఆగి, "మగర్ షాట్ తో బఢియా హై నా?" అన్నాడు.

"షాట్ బాగానే ఉంది దాదా. మనిషే మా మావయ్య కాదు."

"టెన్షన్ మత్ లో. ఎడిటింగ్ మే సబ్ ఠీక్ హో జాయేగా" అని భుజం తట్టి కిందికి వెళ్ళిపోయాడు. ఎడిటింగ్‌లో అంతా సరైపోతుందిట! ఆ తర్వాత హైదరాబాదులో ఎడిటర్‌గా ఉన్నన్నాళ్ళూ ఎంత పెద్ద దర్శకుడి నోట విన్నా ఆ మాటకి నాకు పెయింట్‌షాపు కాకు మొహమే కనబడేది.

అయినా కళాకారిణిని కదా, ప్రయత్నించాను. మొహం ఉన్న చోటల్లా కోసేశాను. కాళ్ళు, డోలు, దండలు, చేతులు, ఎగిరే అబీర్, మధ్యమధ్య మావయ్య పాత ఫొటో. ఎవరి మొహమూ లేని ఊరేగింపు ఒకటి తయారైంది. నాకైతే గొప్పగా ఉంది. అత్తకి చూపించే ముందు పరీక్షగా అమ్మకి చూపించాను. అమ్మ కాసేపు చూసి, "ఇవెవరి కాళ్ళే?" అంది.

"మావయ్యవే."

"మా అన్నయ్య ఎడం సెప్పు ఈడుస్తాడే. సిన్నప్పట్నించీ మా అమ్మ తిట్టీది. ఈ మనిషెవరో బుద్ధిగా నడుస్తన్నాడు. ఇది మీ అత్తకి సూపిత్తావా? కాలికి కట్టున్నా సరే, మంచం దిగి తంతాది నిన్ను."

అప్పటికి అర్థమైంది, ఎంత కోసినా లేని మనిషిని పుట్టించలేనని. ఇప్పటి రోజులు కావు, ఫోన్లలో కెమెరాలు అంతంత మాత్రం, ఇంకెవరి దగ్గరా ఒక్క బొమ్మ లేదు. అత్త ఏమో ఆసుపత్రి నుంచి రోజూ కబురు పెడుతోంది. ఆ ఒక్క గేటు దృశ్యం కోసం ఎదురు చూస్తున్న మనిషికి, అది పోయింది, ఇక రాదు అని చెప్పడానికి నాకు గానీ, నా ద్వారా సంగతి తెలిసిన మావయ్యకి గానీ నోరు రాలేదు. మూడు రోజులు తిండి సయించక తిరిగి, నాలుగో రోజున రైల్వే క్వార్టరు వదిలి మావయ్య వాళ్ళు ఝపటాపూర్‌లో కొత్తగా చేరిన ఇంటికి వెళ్ళాను. ఆయన ఒక్కడే వంట గదిలో మాడిన అన్నం గిన్నె తోముకుంటున్నాడు.

"మావయ్యా, నువ్వు ఇంకోసారి రిటైరవ్వాలి."

"ఏటే?"

"ఈ నెలాఖర్న క్రేన్ బాబాయి రిటైరవుతున్నాడు కదా. ఆయన ఊరేగింపులో గేటు బయట నువ్వూ కలిసిపో. నిన్ను మాత్రం తీస్తాను. ఆ రోజు తీసినట్టే ఉంటుంది."

మావయ్య గిన్నె కింద పెట్టాడు. "పెన్షన్ కాగితాలు కూడా వొచ్చీసినాయే. ఒకసారి రిటైరైనోడు మళ్ళీ రిటైరవడమేటి? పెళ్ళేటి, రెండోసారి సేసుకోడానికి? నలుగురూ ఏటనుకుంటారు?"

"అత్త కోసం మావయ్యా."

ఆయన కొళాయి కట్టేశాడు. "నిన్న కూడా అడిగినాది, ఈడియో ఎప్పుడొస్తాదని. నువ్వు సెప్పమన్నట్టే కంప్యూటర్ల రెండరింగ్ అవతన్నాదని సెప్పినాను. అదేటండీ అంది. నాకేటి తెల్సు? ఉడుకుతన్నాది అని సెప్పీసినాను. ఇన్నాళ్ళేటి ఉడుకుతాది, ఏట మాంసమా అని నవ్వింది." ఆయన మళ్ళీ గిన్నె తీసుకుని, మాడు గీకుతూ, నాకేసి చూడకుండా, "ఏ సొక్కా ఏసుకోవాల?" అన్నాడు.

క్రేన్ బాబాయిని ఒప్పించడం అంతకన్నా కష్టమైంది. మా నాన్నకి పినతండ్రి కొడుకు, క్రేన్ నడిపేవాడు, తన రిటైర్మెంటు గురించి ఏడాదిగా కలలు కంటున్నవాడు. "నా దండలు నాకే పడాల. నా ఈడియోల మీ మావయ్య సెయ్యి కూడా కనబడకూడదు. తెల్సిందా?" అన్నాడు. ఒకే టేపులోంచి బాబాయి లేకుండా మావయ్య సినిమా, మావయ్య లేకుండా బాబాయి సినిమా తీస్తానని ఒట్టు పెట్టాను. అది ఎలా సాధ్యమో నాకూ తెలీదు. కానీ డైరెక్టర్లు మాట ఇచ్చేటప్పుడు అలాంటివి ఆలోచించరని తర్వాత్తర్వాత ఈ రంగంలో చాలామందిని చూసి తెలుసుకున్నాను.

నెలాఖరు వచ్చింది. గేటు ఎదురుగా టీ కొట్టు పక్కన మావయ్యని నిలబెట్టి, బజారు నుంచి నేనే తెచ్చిన దండలు మెడలో వేసి, అబీర్ పూశాను. పోయిన నెల చొక్కానే, ఉతికి ఇస్త్రీ చేసుకుని వేసుకొచ్చాడు. ఆయన దండలతో బిగుసుకుపోయి అటూ ఇటూ చూస్తున్నాడు. నేను ఏ షాటు తర్వాత ఏ షాటు కావాలో కాగితం మీద గీసుకుని, జూమ్ దాదాకి వివరించి, పెద్ద దర్శకురాలిలా నడుం మీద చెయ్యి పెట్టుకుని నిలబడ్డాను. సైరను మోగింది. గేటులోంచి సైకిళ్ళు, జనం, వాళ్ళ వెనక బ్యాండుతో క్రేన్ బాబాయి. "మావయ్యా, ఇప్పుడు!" అని అరిచాను. మావయ్య గుంపులో దూరాడు. నేను లెక్క వేసుకోనిది ఒక్కటే. ఆ గుంపులో ప్రతి ఒక్కడికీ మావయ్య తెలుసు, పోయిన నెల ఆయన్ని భుజాల మీద మోసింది వాళ్ళే.

"ఏటన్నా, నువ్వు పోయిన నెల్లో ఎల్లిపోనావు గదా?"

"ఒరే, అన్నకి ఎక్స్‌టెన్షన్ ఇచ్చినారట్రా!"

"ఒక నెల ఎక్కువ సర్వీసా? ఎలగిచ్చినారు? ఆయనకిచ్చి మనకీయరేటి?"

అంతే! బ్యాండు ఆగిపోయింది. రైల్వేలో మనిషికి గుండె నొప్పి వచ్చిందంటే నలుగురు మూగుతారు, ఎక్స్‌టెన్షన్ వచ్చిందంటే నలభై మంది మూగుతారు. యూనియన్ అన్న ఒకాయన జనాన్ని తోసుకుంటూ వచ్చి, ఆర్డరు కాపీ చూపించమని మావయ్యని నిలదీశాడు. పాపం మావయ్యకి అబద్ధం ఆడడం చేతకాదు. ఇద్దరు ముగ్గురికి సంజాయిషీ చెప్పి, ఇక లాభం లేదని చేతులెత్తి, "ఎక్స్‌టెన్షనూ లేదు, ఏటీ లేదు. ఇది సూటింగు! మా మేనకోడలు సూటింగు సేస్తన్నాది!" అని గట్టిగా అరిచాడు. షూటింగు అనే మాట వినగానే గేటు ముందున్న యావన్మందీ కెమెరా వైపు తిరిగారు. కొందరు జేబులోంచి దువ్వెనలు తీశారు. ఊరేగింపంతా లెన్సులోకి చూస్తూ నిలబడిపోయింది, ఒక్క మనిషి నడవడం లేదు.

నేను వెళ్ళి చేతులు జోడించి, అత్త కాలు సంగతీ పెయింట్‌షాపు కాకు సంగతీ అందరికీ చెప్పాల్సి వచ్చింది. రైల్వేవాళ్ళు ఎంత కరుగ్గా కనబడినా భార్య ఆసుపత్రిలో ఉందంటే మెత్తబడిపోతారు. "ఠీక్ హై, ఏటి సెయ్యాలో సెప్పు పాపా" అన్నారు. అందర్నీ మళ్ళీ గేటు దాకా వెనక్కి నడిపించాను. (జీవితంలో నేను చెప్పిన మొదటి "వన్ మోర్" అది. క్రేన్ బాబాయి నన్ను చూసిన చూపు ఇప్పటికీ మర్చిపోలేదు. అక్కడ వాళ్ళింటి దగ్గర పిన్ని హారతి పళ్ళెంతో నిలబడి ఉంది.) రెండో టేకులో మావయ్య డ్యూటీకి ఆలస్యమైనట్టు ఎడం చెప్పు ఈడ్చుకుంటూ పరుగులాంటి నడకతో అందరినీ దాటుకుని ముందుకెళ్ళిపోయాడు. దండలు వేసేవాళ్ళు కంగారులో బాబాయి దండలు కూడా ఆయనకే వేసేశారు. బాబాయి అలిగి టీ కొట్టులో కూర్చున్నాడు. ఆయన్ని బతిమాలి, దండలు లెక్కపెట్టించి తిరిగి ఇప్పించి, మూడో టేకు మొదలెట్టేసరికి వెలుతురు తగ్గిపోతోంది, బ్యాండువాళ్ళు ఇంకో చోటికి వెళ్ళాలంటున్నారు.

"మావయ్యా, ఇదే ఆఖరు. నెమ్మదిగా నడు. గేటు కేసి వెనక్కి తిరిగి చూడు. కళ్ళనీళ్ళు పెట్టుకో" అని చెప్పాను. ఆయన బుద్ధిగా తలూపాడు. నాలుగడుగులు బాగానే నడిచాడు, గేటు కేసి తిరిగాడు కూడా. సరిగ్గా అప్పుడు ఆయనతో పనిచేసిన కుర్ర ఫిట్టరు ఒకడు, "అన్నా, పై నెల కూడా వొచ్చీయి. నువ్వు నేకపోతే మాకు రిటైర్మెంటు రిటైర్మెంటులాగే నేదు" అన్నాడు. మావయ్య నవ్వాడు. నవ్వడమంటే అలా ఇలా కాదు, దండలన్నీ ఎగిరిపడేలా.

"నవ్వకు మావయ్యా! ఏడు!" అని గొంతు చించుకున్నాను.

"ఏడవడం అయిపోనాదే! ఆ రోజే ఏడ్సీసినాను! మళ్ళీ ఎక్కణ్ణించి తెమ్మంటావు?" అని అరిచి, ఇంకా నవ్వాడు. ఆ మాటకి గేటు గేటంతా ఘొల్లుమంది. క్రేన్ బాబాయి కూడా నవ్వేశాడు. ఎవరో ఇద్దరు మావయ్యని అమాంతం భుజాల మీదికి ఎత్తుకున్నారు. ఆయన పైన ఊగుతూ, కిందివాళ్ళ మీద అబీర్ చల్లుతూ, వాళ్ళ వాళ్ళ పాత మారుపేర్లు పెట్టి పిలుస్తూ, పడిపోతానని అరుస్తూ నవ్వుతున్నాడు. నేను తల పట్టుకుని టీ కొట్టు బెంచీ మీద కూలబడ్డాను. కొన్ని వేల సార్లు కట్ చేసిన ఎడిటర్ని, నోటితో "కట్" అని చెప్పాలన్న సంగతే గుర్తుకు రాలేదు. దాంతో జూమ్ దాదా కెమెరా బ్యాటరీ అయిపోయేదాకా తీస్తూనే ఉన్నాడు.

ఇక ఆ టేపుతో నా పాట్లు చెప్పనక్కర్లేదు. క్రేన్ బాబాయి సినిమా సులువుగానే అయింది. (ఆయన ఎడమ భుజం పక్కన ఎప్పుడూ ఒక అనాథ దండ ఊగుతూ ఉంటుంది. ఆయన గమనించలేదు.) పెయింట్‌షాపు కాకు సినిమా సుభాష్‌పల్లి తీసుకెళ్ళి ఇస్తే, ఆ శంఖం ఊదినావిడ నాకు పట్టలేనన్ని సందేశ్‌లు పెట్టింది. మావయ్య సినిమా దగ్గరే చిక్కు. రిటైరైపోతున్న మనిషి పెళ్ళికి పోతున్నట్టు నవ్వుతుంటే ఎవరు నమ్ముతారు? నవ్వు ఉన్న చోటల్లా కోసుకుంటూ పోతే చివరికి రెండు మోచేతులూ ఒక డోలూ మిగిలాయి. గతి లేక నవ్వులన్నీ తిరిగి పెట్టి, కనీసం ఏడుపు సంగీతమైనా ఉండాలని షెహనాయి దట్టించి, డీవీడీ పట్టుకుని ఝపటాపూర్ వెళ్ళాను.

అత్త ఆసుపత్రి నుంచి వచ్చి రెండు రోజులైంది. టీవీ ముందు మంచం, దిండు మీద కాలు, ఒంటి మీద గేటు కోసం కొనుక్కున్న చీర. పక్కింటి ఆడవాళ్ళని రేపు రమ్మని చెప్పిందట, మొదట తనొక్కతే చూడాలని. అమ్మ ఆవిడ కాళ్ళ దగ్గర కూర్చుంది. మావయ్య గుమ్మం పక్కన నిలబడ్డాడు, అవసరమైతే పారిపోవడానికి వీలుగా. నేను రిమోట్ నొక్కాను. గేటు, బ్యాండు, అబీర్, దండలు, మావయ్య నవ్వు. అత్త కళ్ళార్పకుండా చూస్తోంది. ఒకచోట మాత్రం, "ఆ సన్నాయేటే, సావు ఇంట్లోలాగ? తీసీ" అంది. టీవీ శబ్దం తగ్గించాను. బొమ్మ అయిపోయింది. "మళ్ళీ ఎయ్యి" అంది. మళ్ళీ వేశాను. సగంలో ఆవిడ మెల్లిగా అంది.

"ఇది ఆ రోజుది కాదు గదే?"

అమ్మ నాకేసి చూసింది, నేను రిమోట్ కేసి చూశాను.

"ఆసుపత్రికొచ్చినప్పుడు ఈయన కళ్ళు సింతనిప్పుల్లాగున్నాయి. ఇందులో పళ్ళు తప్ప ఏటీ కనబడ్డం నేదు."

మావయ్య ఇక ఆగలేకపోయాడు. టేపు, కాకు, శంఖం, ఎక్స్‌టెన్షన్, మూడు టేకులు, మొత్తం ఒక్క ఊపిరిలో చెప్పేశాడు. నేను తల వంచుకుని, "అసలైంది లేదు అత్తా. నువ్వు బాధపడతావని" అని నసిగాను. ఇన్నేళ్ళు ఎదురు చూసిన దృశ్యం పోయిందని తెలిసి ఆవిడ ఏడుస్తుందేమోనని, తిడుతుందేమోనని చూస్తున్నాను. ఆవిడ టీవీ మీంచి కళ్ళు తిప్పలేదు.

"ఆపు. అక్కడే. భుజాల మీద ఎత్తినకాడ."

ఆపాను. తెర మీద మావయ్య నోరంతా తెరిచి గాలిలో ఉన్నాడు.

"ఏడ్సిన మొహం నేను ఆసుపత్రిల సూసినాను లేవే. ఇదే సూళ్ళేదు" అంది అత్త. "ఇన్నాళ్ళూ నాకు అలిసిపోయిన మనిసే ఇంటికొచ్చీవోడు. సెప్పులిడిసి, ఇంత తిని, తొంగునీవోడు. నవ్వడం రాదనుకున్నాను ఈయనకి." తర్వాత గుమ్మం వైపు తిరిగింది. "ఏవండీ, ఇంత నవ్వూ రోజూ ఆ గేటు లోపలే పెట్టీసి వొచ్చీవోరా?"

మావయ్య గుమ్మం పట్టుకుని, కండువా మొహానికి అడ్డం పెట్టుకుని, చిన్నపిల్లాడిలా వెక్కి వెక్కి ఏడ్చాడు. అత్త చెయ్యి చాపింది. ఆయన వచ్చి మంచం అంచున కూర్చున్నాడు. ఆవిడ ఆయన వీపు మీద చెయ్యి వేసి రాస్తూ, "ఊరుకోండి. ఇప్పుడు కొలువేటీ నేదు గదా. ఇక ఇంట్లోనే నవ్వండి" అంది. అమ్మ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది.

గేటు ముందు అంత అరిచి అడిగినా రాని ఏడుపు అలా వచ్చింది, నా చేతిలో రిమోట్ తప్ప ఏమీ లేని వేళ. పందొమ్మిదేళ్ళ ఆ పిల్ల అప్పుడేం చేసిందో తెలుసా? వాళ్ళిద్దరికీ మంచినీళ్ళు తెద్దామనుకోలేదు, బయటికెళ్ళి నిలబడదామనుకోలేదు. పక్క కిటికీలోంచి పడుతున్న వెలుతురు చూసి, కెమెరా ఈ మూల పెడితే ఇద్దరి మొహాలూ వస్తాయి కదా అని లెక్క వేసింది. ఇప్పుడు తలుచుకుంటే ఆ పిల్ల మీద నాకు నవ్వొస్తుంది, కాస్త సిగ్గేస్తుంది, ముద్దూ వస్తుంది. ఈ వయసులో అయితే రిమోట్ పక్కన పెట్టేసి, చడీచప్పుడు లేకుండా గదిలోంచి వెళ్ళిపోయేదాన్ని. (నమ్మకండి. వెళ్ళేదాన్నే, కానీ గుమ్మం దగ్గర ఒక్కసారి ఆగి ఆ వెలుతురు చూసుకుని వెళ్ళేదాన్ని.)